చెయ్యి ఒక కోర్టుది, చెంప ఒక కోర్టుది

హైమావతి చెంప మీద దెబ్బ పడిందన్న సంగతిలో ఎవరికీ అనుమానం లేదు. కొట్టిన మొగుడు చక్రపాణికి లేదు. పక్కనే నిలబడి "ఇంకోటి వెయ్యరా" అన్న అత్తగారు సుందరమ్మకి లేదు. గోడ అవతల పెసరపప్పు రుబ్బుకుంటూ చప్పుడు విన్న పొరుగావిడకి అసలే లేదు. ఆ దెబ్బ ఏ కోర్టు పరిధిలో పడిందన్నదే తేలలేదు. అది తేలేదాకా దెబ్బ పడినట్టు లెక్క కాదని జిల్లా పెద్దలు తేల్చారు.

గొడవంతా ముందుగది గురించి. హైమావతి కాపురానికి వచ్చిన కొత్తలోనే ఆ ఇంటి ముందుగదిలో బ్యూటీ పార్లర్ పెట్టింది. ఒక తిరిగే కుర్చీ, ఒక నిలువుటద్దం, ఆమె చేతి వాటం, అంతే పెట్టుబడి. గోగులపాలెంలో పెళ్ళి కుదిరిన పిల్ల ఆ కుర్చీలో కూర్చోకుండా పీటల మీదికి వెళ్ళేది కాదు. చక్రపాణి ఎరువుల కొట్టు ఏ వారం తెరుస్తాడో అతనికే తెలియదు కనక ఇల్లు గడిచేది ఆ కుర్చీ మీదే. అయితే ఆ గదిని సెల్‌ఫోన్ల కొట్టుకి అద్దెకిస్తే కాలు మీద కాలేసుకుని బతకొచ్చని అతనికి తోచింది. హైమావతి వద్దంది. మాటా మాటా పెరిగింది, చెయ్యి లేచింది. అంతకు ముందు పడినవి చాలా ఉన్నాయి, వాటిని ఆమె పైటకొంగు కింద దాచుకుంది. ఈసారి మాత్రం కట్టుబట్టలతో వీధిలోకి నెట్టి తలుపేశారు. ఆమె ఊరి చివర పిన్నిగారింటికి వెళ్ళి తలదాచుకుంది.

ఆమెకి కావలసింది ఒక్కటే. తన ఇంట్లోకి తను వెళ్ళాలి, దెబ్బలు తినకుండా బతకాలి. అదీ దసరాలోపు. దసరాకి సెల్‌ఫోన్ల కొట్టు తెరుస్తున్నారని ఊరంతా అనుకుంటున్నారు. ఆ కుర్చీ ఒకసారి బయటపడితే ఇక తను లోపలికి వెళ్ళేది కల్ల అని హైమావతికి తెలుసు.

లాయరు కామేశం మంచివాడు. కేసు కాగితాలు ఒక్కపూటలో తయారుచేసి గోగులపాలెం కోర్టులో వేశాడు. అవి ఆ సాయంత్రానికే తిరిగొచ్చాయి.

ఆ జిల్లాలో ఆ మధ్యే ఒక కొత్త ఊపు వచ్చింది. సంసారాల తగాదాలు ఎవరికి తోచిన కోర్టులో వాళ్ళు పడేస్తున్నారని, దానివల్ల న్యాయానికి క్రమశిక్షణ లేకుండా పోతోందని పెద్దలు బెంగపడ్డారు. బెంగలోంచి 'సముచిత న్యాయస్థాన నిర్ణయ విభాగం' పుట్టింది. "తప్పు కోర్టులో దొరికిన న్యాయం తప్పే" అని కూడళ్ళలో ఫ్లెక్సీలు కట్టారు. స్కూలు పిల్లల చేత ఎండలో ఊరేగింపు తీయించారు. ఏ తగాదా అయినా ముందు ఆ విభాగానికి వెళ్ళాలి, ఏ కోర్టుకి వెళ్ళాలో వాళ్ళు చెప్పాలి, అప్పుడు వెళ్ళాలి. ఇప్పటిదాకా వాళ్ళు ఎవరికీ చెప్పలేదన్నది వేరే సంగతి. తొందరపడి చెప్తే తప్పు చెప్పే ప్రమాదం ఉంది కదా.

విభాగానికి అధిపతి నీలాద్రిరావు. ఆయన ఉద్యోగమంతా భూముల సర్వేలో గడిచింది. గట్టు తగాదాలు తీర్చి తీర్చి, లోకంలో ఏ తగాదా అయినా హద్దు దగ్గరే మొదలై హద్దు దగ్గరే ముగుస్తుందని ఆయనకి గట్టి నమ్మకం కుదిరింది. చెడ్డవాడు కాదు, లంచం ముట్టడు. ముట్టుంటే హైమావతి పని ఎప్పుడో అయిపోయేది.

విభాగం ఆఫీసు కోర్టుల ఆవరణలోనే ఉంది. గోగులపాలెం కోర్టూ, వెదుళ్ళమెట్ట కోర్టూ రెండూ అక్కడే, ఒక టీకొట్టుకి అటొకటి, ఇటొకటి. వెదుళ్ళమెట్టలో భవనం కట్టేదాకా అని వచ్చిన కోర్టు అక్కడే స్థిరపడిపోయింది. ఈ కోర్టు బంట్రోతు తుమ్మితే ఆ కోర్టు బంట్రోతు "చిరంజీవ" అంటాడు. అయినా ఒక కోర్టు కాగితం రెండో కోర్టులో పడితే అది పరాయి దేశంలో పడ్డట్టే.

"హింస సంభవించిన స్థలం?" అని అడిగాడు నీలాద్రిరావు.

"మా ఇంట్లోనండి" అంది హైమావతి.

"గృహము అనునది స్థలము కాదమ్మా, స్థలముల సముదాయము. ఏ గది?"

"వంటింటి గుమ్మం దగ్గరండి. నేను హాల్లో ఉన్నాను. ఆయన వంటింట్లోంచి చెయ్యి చాచి కొట్టారండి."

నీలాద్రిరావు కళ్ళజోడు తీసి తుడుచుకుని మళ్ళీ పెట్టుకున్నాడు. ఇంటి నంబరు కనుక్కుని, గోడకున్న పటం దగ్గరికి వెళ్ళి, వేలితో ఒక గీత వెంట నడిచి, వెనక్కి తిరిగేసరికి ఆయన మొహం వెలిగిపోతోంది. చక్రపాణి తండ్రి ఆ రోజుల్లో ఇంటి వెనక పంటకాలవ పూడ్చేసి దాని మీద వంటిల్లు కట్టుకున్నాడు. ఆ కాలవే రెండు ఊళ్ళకీ హద్దు. కాలవ పోయింది గాని హద్దు పోలేదు, అది వంటింటి గుమ్మం కిందనుంచి పటం మీద ఇంకా పారుతూనే ఉంది.

"చూశారా. హస్తము బయలుదేరిన స్థానము వెదుళ్ళమెట్ట పరిధి. కపోలము గోగులపాలెం పరిధి. మధ్యన దెబ్బ ప్రయాణించిన ప్రదేశము వివాదాస్పదము."

కామేశం గొంతు సవరించుకున్నాడు. "అయ్యా, అదంతా అక్కర్లేదండి. ఆవిడ ఇప్పుడు ఎక్కడ ఉంటే అక్కడ, తాత్కాలికంగా ఉంటున్నా సరే, ఆ చోటి కోర్టులో వేసుకోవచ్చని చట్టంలోనే ఉందండి. ఒక్క వాక్యంలో ఉంది."

"అదే మా బాధ. ఇంత గంభీరమైన విషయము ఒక్క వాక్యంలో ఉన్నదంటే, ఏదో చెప్పకుండా వదిలివేసినారన్నమాట. ఆ వదిలివేసినది పూరించుటకే ఈ విభాగము." ఆయన హైమావతి వైపు తిరిగాడు. "పోనీ, మీ పిన్నిగారింట ఎంతకాలము ఉండదలిచారు?"

"మా ఇంట్లోకి వెళ్ళమని కోర్టు చెప్పేదాకానండి."

"అనగా ఉత్తర్వు వచ్చిన మరుక్షణము అక్కడినుండి వెళ్ళిపోవుదురు. వెళ్ళిపోగానే ఆ కోర్టుకు పరిధి పోవును. పరిధి లేని కోర్టు ఇచ్చిన ఉత్తర్వు చెల్లదు. చెల్లదు కనుక మీరు మరల పిన్నిగారింటికి రావలెను. ఎంత శ్రమ. తాత్కాలిక నివాసమునకు శాశ్వతమైన రుజువు తీసుకురండి."

ఆ మాటలో తప్పెక్కడుందో కామేశానికి అప్పటికప్పుడు దొరకలేదు.

తరవాతి వాయిదాకి అత్తగారి తిట్లు విచారణకి వచ్చాయి. తిట్టు అన్నది నోటి దగ్గర సంభవిస్తుందా, చెవి దగ్గర సంభవిస్తుందా అని విభాగంలో రెండు వర్గాలయ్యాయి. సుందరమ్మ పొయ్యి దగ్గర, అంటే వెదుళ్ళమెట్టలో నిలబడి తిట్టింది. హైమావతి గోగులపాలెంలో నిలబడి విన్నది. ఆ సమయంలో ఫ్యాను తిరుగుతోందా, ఏ వైపు తిరుగుతోంది, కిటికీ ఏ మేరకి తెరిచి ఉంది అని గుమాస్తా ఒక్కొక్కటే అడిగాడు. ఆఖరికి కేసు కాగితంలో రాసిన ఆ తిట్లు ఉన్నవి ఉన్నట్టు, అదే ధోరణిలో, ఒకసారి చదవమన్నాడు, ఎంతదూరం వినబడతాయో చూడాలట.

హైమావతి చదివింది. నలుగురు మగవాళ్ళు తలలు వంచుకుని వింటుండగా, తనను అన్న మాటలు తన నోటితో తనే అనుకోవలసి వచ్చింది. ఒకాయన గుమ్మం బయటికి వెళ్ళి "ఇక్కడిదాకా వినబడుతున్నాయండి" అన్నాడు. ఆమెకి దెబ్బ పడిననాడు కూడా అంత ఏడుపు రాలేదు. బయటికి వచ్చి టీకొట్టు వెనక నిలబడి కళ్ళు తుడుచుకుంది.

"ఇంక చాలు లాయరు గారండీ. ఆ ఇంటి ఆశ వదిలేసుకుంటాను. ఎక్కడో ఏ బట్టల కొట్టులోనో పనికి కుదురుకుంటాను."

"క్షేత్ర పరిశీలనకి వస్తామన్నారమ్మా. ఇంటికొచ్చి కొలుస్తారట. ఈ ఒక్కటీ చూద్దాం" అన్నాడు కామేశం. ఆ మాట అతనికే నమ్మకంగా వినబడలేదు.

పరిశీలన రోజున వీధి వీధంతా గోడలెక్కింది. సర్వేయరు గొలుసు, ఎర్రజెండా కర్రలు, సున్నం డబ్బా పట్టుకుని దిగాడు. రెండు కోర్టుల నుంచీ ఇద్దరు అమీనులు వచ్చి, ఎవరి హద్దులో వాళ్ళు, ఒకాయన హాల్లో, ఒకాయన వంటింట్లో నిలబడ్డారు. సుందరమ్మ కాఫీ ఇస్తే, వంటింట్లో కాచిన కాఫీ హాల్లో తాగొచ్చా అని హాలు అమీను కాస్త ఆలోచించి తాగాడు. ఆ సెల్‌ఫోన్ల కొట్టతను కూడా వచ్చాడు. అతనిది వేరే టేపు. ముందుగదిలో అరలు ఎంతెంత పట్టాలో కొలుచుకుంటున్నాడు.

హైమావతి ఆ గడప తొక్కడం గెంటేశాక అదే మొదటిసారి. ముందుగది దాటుతుంటే కళ్ళు వాటంతటవే అటు తిరిగాయి. తిరిగే కుర్చీని మూలకి నెట్టి, దాని మీద యూరియా బస్తా పడేశారు. నిలువుటద్దం గోడ వైపు తిప్పి పెట్టారు. ఆమెకి ఒళ్ళు మండిపోయింది. అలాగే హాల్లోకి వెళ్ళింది.

"ప్రతివాది, తమరు దెబ్బ కొట్టిన విధానము ప్రదర్శించండి" అన్నాడు నీలాద్రిరావు.

"నేను కొట్టలేదండి" అన్నాడు చక్రపాణి.

"కొట్టారా లేదా అనునది కోర్టువారు చూసుకుందురు. అది మా పరిధి కాదు. కొట్టి ఉన్నచో ఎక్కడినుండి కొట్టి ఉందురు, అంతమాత్రమే."

అంత మర్యాదగా అడిగితే చక్రపాణి ఎందుకు కాదంటాడు. వంటింట్లో నిలబడ్డాడు. సర్వేయరు గుర్తు పెట్టబోతే ఆపాడు. "అక్కడ కాదండి. అక్కణ్ణించైతే అందదు. ఇంకో అడుగు ముందుకి. ఎడం కాలు గుమ్మానికి ఆనించాను. ఆయ్, ఇలాగ. కుడిచెయ్యి వెనకనించి తీసుకొచ్చి ఇలా ఒక్కటిచ్చానండి."

కామేశం ఎగిరి గంతేసినంత పని చేశాడు. "అయ్యా, ఒప్పుకున్నాడు. అందరూ విన్నారు. రాయించండి."

"శాంతించండి లాయరు గారూ. ఆయన ఒప్పుకున్నది సరైన కోర్టులో కాదు. అందుచేత ఒప్పుకొనలేదు" అని నీలాద్రిరావు సర్వేయరుకి సైగ చేశాడు.

హైమావతిని ఆ రోజు నిలబడిన చోట నిలబెట్టారు. ఆమె పాదాల చుట్టూ సున్నంతో గీత గీశారు. ముందుగది గోడనించి గొలుసు చాచారు, జెండాలు పాతారు, పటం పరిచారు. ఎంతకీ లెక్క కుదరలేదు. హద్దు కాలవ నడిమధ్యదా, ఒడ్డుదా, ఒడ్డుదైతే ఏ ఒడ్డుది, వరదల్లో కాలవ జరిగిందా అన్నవి పాత రికార్డు తెప్పిస్తే గాని తెలియవని సర్వేయరు చెప్పాడు. రికార్డు ఎక్కడుందో తెలియాలంటే ముందు హద్దు తెలియాలి, ఎందుకంటే రెండు ఊళ్ళకీ రికార్డు గదులు వేరు.

"నేటికి పరిశీలన వాయిదా. అందరూ దయచేయవచ్చును" అన్నాడు నీలాద్రిరావు.

చక్రపాణి తాళం చెవి చేతిలో ఆడిస్తూ తలుపు దగ్గరికి వెళ్ళి నిలబడ్డాడు. సుందరమ్మ కోడలి వైపు చూసి, "కదులమ్మా, ఊరేగింపు అయిపోయింది" అంది. ముందుగదిలోంచి, అరలకి అచ్చు ఈ గోడే బాగుంటుందని కొట్టతను ఎవరికో చెప్తున్నాడు.

హైమావతి కాలెత్తింది. సున్నం గీత మీదికి వచ్చిన ఆ కాలు మళ్ళీ వెనక్కి తీసుకుంది. ఇన్ని వాయిదాల్లో ఆ ఆఫీసులో ఆమె విన్న మాటలన్నీ ఒక్కసారి తలలో గిర్రున తిరిగాయి. తిరిగి ఒకచోట ఆగాయి.

"అయ్యగారండి, చిన్న అనుమానమండి" అంది.

"చెప్పమ్మా."

"నేనిప్పుడు ఈ గీత దాటి వెళ్ళిపోతే, రేపు తమరొచ్చినప్పుడు మళ్ళీ అచ్చంగా ఇక్కడే నిలబడ్డానని ఏంటండి రుజువు? జానెడు అటయితే ఒక కోర్టు, ఇటయితే ఒక కోర్టు గదండీ."

నీలాద్రిరావు నడుస్తున్నవాడల్లా ఆగిపోయాడు. విభాగం పెట్టిన నాటినుంచి దాని బాధని ఇంత లోతుగా అర్థం చేసుకున్న మనిషి ఆయనకి తగల్లేదు.

"తమరు సర్వేలో చేశారంటండి. హద్దురాయి పాతాక, తగాదా తేలకుండా దాన్ని ఎవరైనా పీకేస్తే ఏం చేసేవారండి?"

"పీకుటయా? అది నేరము."

"మరి ఈ తగాదాలో హద్దురాయిని నేనేనేమోనండి. రాయి తనంతట తను వెళ్ళిపోవచ్చాండి? ఇంకోళ్ళు నెట్టెయ్యొచ్చాండి?"

నీలాద్రిరావు కుర్చీ తెప్పించుకుని కూర్చుని, కళ్ళు మూసుకుని, గుమాస్తాకి చెప్పసాగాడు.

"వ్రాయుము. హైమావతి అను పిటిషనరును ఈ వివాదము తేలువరకు హద్దురాయిగా పరిగణించడమైనది. సదరు హద్దురాయిని ఈ గృహమునుండి తొలగించుట, కదల్చుట, తాకుట, కొట్టుట, దూషించుట శిక్షార్హము. తలుపులు మూసి రాయిని బయట ఉంచుటయు తొలగించుటయే."

"ఇదేం చోద్యమండీ" అంది సుందరమ్మ. "రాయన్నాక అక్కడే ఉండాలి గాని, ఇల్లంతా తిరుగుతుందా? తిండి తింటుందా?"

"ప్రశ్న సమంజసమే. వ్రాయుము. సజీవమైన హద్దురాయి అగుటచేత, దాని క్షేమము నిమిత్తము గృహములో యథేచ్ఛగా సంచరించవచ్చును. కొలతలు ముందుగది గోడనుండి మొదలైనవి గనుక ముందుగదిని పూర్వమున్న స్థితికి తేవలెను. అరలు కొట్టరాదు."

సెల్‌ఫోన్ల కొట్టతను టేపు చుట్టుకున్నాడు.

"మరి నేనండీ?" అన్నాడు చక్రపాణి.

నీలాద్రిరావు అతన్ని పైనించి కిందికి, ముఖ్యంగా కుడిచేతి వైపు, పరీక్షగా చూశాడు. "తమరితో ఒక సాంకేతికమైన చిక్కున్నది. ఇదే స్థలములో మరొక దెబ్బ పడినచో పాత దెబ్బ, కొత్త దెబ్బ కలిసిపోయి హద్దు చెరిగిపోవును. అందుచేత హస్తమునూ, తిట్టిన వారి నోటినీ ఈ గృహమునకు దూరముగా ఉంచవలెను. హస్తమొక్కటే పంపుటకు వీలుపడదు గనుక తమరే వెళ్ళండి. అమ్మగారిని కూడా తీసుకువెళ్ళండి."

ఆ సాయంత్రం తల్లీ కొడుకులు ఎరువుల కొట్టుకి మకాం మార్చారు. హైమావతి కుర్చీ మీది బస్తా తనే కిందికి లాగింది. అద్దాన్ని ఇటు తిప్పి తడిగుడ్డతో తుడిచింది. తుడుస్తూ తుడుస్తూ తన మొహం అందులో కనబడితే నవ్వొచ్చింది, వెంటనే ఏడుపూ వచ్చింది. రెండూ అయ్యాక తలుపుకి లోపలినుంచి గడియ పెట్టుకుని, ఆ ఇంట్లో మొదటిసారి భయం లేకుండా పడుకుంది.

దసరాకి పార్లర్ కిటకిటలాడింది. హద్దురాయి చేతి మేకప్పు అంటే ఊళ్ళో అదొక మోజు కూడా అయింది. నెలకోసారి నీలాద్రిరావు పరివారంతో వచ్చి కొలుస్తాడు. హైమావతి వినయంగా సున్నం గీతలో నిలబడుతుంది. లెక్క కొలిక్కి వచ్చేట్టుందనిపించిన రోజున, "నేనప్పుడు చెప్పులేసుకున్నానేమోనండి, ఎత్తు మారదూ?" అని ఒక అనుమానం వెలిబుచ్చుతుంది. ఆయన ఆనందంగా తల ఊపి వాయిదా వేస్తాడు.

చక్రపాణి ఊరుకోలేదు. తన ఇంట్లోంచి తనను వెళ్ళగొట్టారని కేసు వెయ్యబోయాడు. ముందు విభాగానికి వెళ్ళమన్నారు. వెళ్ళాడు.

"తమరికి కష్టము కలిగిన స్థలం?" అని అడిగాడు నీలాద్రిరావు.

"మా ఇల్లేనండి, తమరికి తెలుసు గదండీ."

"గృహము అనునది స్థలము కాదు. గడపకు ఇవతల కలిగినదా, అవతల కలిగినదా?" అని ఆయన గుమాస్తాని కొత్త ఫైలు తెరవమన్నాడు. ఆ ఫైలు ఇంకా నడుస్తోంది.

ఆ తరవాత కొన్నాళ్ళకి కామేశం ఒకరోజు పరుగు పరుగున వచ్చాడు. పార్లర్లో ఒక పెళ్ళికూతురికి హైమావతి జడ వేస్తోంది.

"అమ్మా, మంచి కబురు. పై అధికారులు గట్టిగా అడిగారట. రేపో మాపో గోగులపాలెం కోర్టే సరైందని తేల్చేస్తున్నారు. ఇంక నిక్షేపంగా కేసు వేసుకోవచ్చు."

హైమావతి చేతిలోని జడ ఆగింది. "తేల్చేస్తే ఈ హద్దురాయి కాగితం ఏమవుతుందండి?"

"అది అక్కడితో సరి. మీరు మళ్ళీ మామూలుగా అతని భార్య అవుతారు. కోర్టు విచారించి, సాక్షుల్ని పిలిచి, వాయిదాలు వేసి..."

"ఈలోగా ఆయన ఇంట్లోకి రావచ్చాండి?"

కామేశం తల దించుకుని ఫైలు తాడు ముడి విప్పి మళ్ళీ వేశాడు.

"రాయిగా ఉన్నన్నాళ్ళూ నన్నెవరూ ముట్టుకోలేదండి" అంది హైమావతి. "తిట్టనైనా తిట్టలేదు. అదేంటోనండి, రాయిని కొడితే నేరమని అందరికీ వెంటనే తెలిసిపోయింది. పెళ్ళాన్ని కొడితే నేరమా కాదా అని తేలడానికే ముందు ఏ కోర్టో తెలియాలంటున్నారు. నన్ను మళ్ళీ పెళ్ళాన్ని చెయ్యకండి లాయరు గారూ."

చట్టం చదువుకున్న కామేశానికి తల ఎత్తి ఆమె మొహం చూడబుద్ధి కాలేదు. పెళ్ళికూతురు అద్దంలోంచి ఇద్దరినీ మార్చి మార్చి చూస్తోంది. అతను చంకలో ఫైలు సర్దుకున్నాడు.

"అన్నట్టు అమ్మా, ఆ రోజు వంటింటి తలుపు రెక్క తీసి ఉందా, చేరవేసి ఉందా? ఎవరూ అడిగినట్టు లేరు."

"అడగలేదండి."

"అడిగిస్తాను" అని కామేశం కోర్టుల వైపు బయల్దేరాడు.